మూడో బెంచి, ఒంటి గంట

మా నాన్న చావు గురించి రెండు సంగతులు చెప్పాలి. ఒకటి, ఆయన తల దొరకలేదు. రెండు, ఆ చావుకి బాధ్యుడు ఆయనేనని కోర్టు నమ్మింది.

మొదటిదానికి ఏడ్చాను, ఊరుకున్నాను. అప్పుడు నాకు పదకొండేళ్ళు. రెండోదానికి మాత్రం ఈనాటికీ ఊరుకోలేదు. నన్ను బడికి తోలింది, కాలేజీకి తోలింది, హైదరాబాదు లాబొరేటరీలో తెల్లకోటు తొడిగించింది ఆ కోపమే. రాళ్ళు కొట్టుకునే దేరంగుల వారి పిల్ల డాక్టర్ గురవమ్మ అయిందని మావాళ్ళు మురిసిపోయారు. కోపం ఎంత దూరం నడిపిస్తుందో వాళ్ళకేం తెలుసు.

మా రాళ్ళపాలెం క్వారీలో దొరికేది వెండి చుక్కలు పొదిగిన నల్లరాయి. ఆ రాయిని బయటి దేశాలకు అమ్ముకోవడానికి యజమాని ఒక వెబ్‌సైటు పెట్టాడు. పైనంతా నున్నటి పలకల బొమ్మలు. అడుగున ఒక మూల, చీమ తలకాయంత అక్షరాల్లో, ఆ రోజు పేలుడు వేళలు. చట్టం అడుగుతుంది కాబట్టి పెట్టాడు, లేకపోతే అదీ పెట్టేవాడు కాదు. మాకు తెలిసింది షెడ్డులోని నల్లబల్ల. నాన్న బ్లాస్టరు. పొద్దున్నే సుద్దముక్కతో ఏ బెంచి, ఎన్ని గంటలు అని రాసేవాడు. బెంచి అంటే గుట్టను మెట్లు మెట్లుగా కోసిన ఒక్కో మెట్టు. తారీకు రాసే అలవాటు లేదు. సాయంత్రం తుడిచేస్తే ఆ రోజు అయిపోయినట్టే.

నాన్న పోయిన రోజు బల్ల మీద 'రెండో బెంచి, నాలుగు గంటలు' అని ఉంది. సైటులోనూ అదే ఉంది. లారీలు తొందరపెడుతున్నాయని యజమాని మేనేజరు చేత ఒకటిన్నరకే మీట నొక్కించాడు. నాన్న అప్పుడు రెండో బెంచి మీద సద్దికూడు తింటున్నాడు.

కోర్టులో వెబ్‌సైటు తెరిచి చూపించారు. ఒకటిన్నర అని ఉంది. పట్నంలో కూర్చున్న కంప్యూటరు మనిషి ఎవడో నాలుగు మీటలు నొక్కి మార్చేశాడు. అమ్మ బల్ల గురించి చెబితే, సుద్దముక్కతో ఎవరైనా ఏదైనా రాసుకోవచ్చు కదమ్మా అన్నాడు యజమాని వకీలు. మా దగ్గర మీటలూ లేవు, వాటిని నొక్కే చదువూ లేదు. నాలుగు ఒకటిన్నర అయిపోయింది.

మావాళ్ళలో ఒక ఆనవాయితీ ఉంది. రాతి పనిలో బ్లాస్టరు పోతే, బల్ల మీద అతను ఆఖరున రాసిన రాతను పదకొండో రోజు దాకా తుడవరు. పదకొండో రోజు అతను పోయిన చోటే పిట్టకు పెడతారు. కాకి వచ్చి మెతుకు ముట్టాక, ఇంటి మనిషి వెళ్ళి రాత తుడవాలి. అంతవరకూ ఆ రాత దగ్గర ఎవరో ఒకరు కూర్చునే ఉండాలి. నాన్న రాత దగ్గర అమ్మ పదకొండు రోజులు కూర్చుంది. నేను ఆమె ఒళ్ళో తల పెట్టుకుని 'నాలుగు గంటలు' అన్న ఆ అక్షరాలు చూస్తూ పడుకున్నాను.

ఇది నాకు తెలియని ఆచారం కాదు. ఈ సంగతి గుర్తుంచుకోండి.

*

లాబొరేటరీలో నేను తయారుచేసిన యంత్రాలకి మావాళ్ళు పెట్టిన పేరు పందికొక్కులు. అంత సైజులోనే ఉంటాయి. రాతిలోకి తొలుచుకుంటూ పోయి, ఎక్కడ ఎంత మందు కూరాలో అవే లెక్క చూసుకుని, కూరి, బయటికొచ్చి, చెప్పిన క్షణానికి పేలుస్తాయి. కిందనున్న మంచి రాయి వెంట్రుకంత కూడా చిట్లదు. పందికొక్కులు చాలామందికి చేతనవుతాయి. నేను కనిపెట్టింది అవి కావు. వాటిని వెబ్‌సైటుకి కట్టేసిన కట్టు నాది.

ఆ కట్టు వేశాక పందికొక్కు ఇంకెవరి మాటా వినదు. యజమాని అరిచినా, మేనేజరు మీట నొక్కినా, నేను కాళ్ళమీద పడినా వినదు. అందరూ చూసే పేజీలో ఏముందో అదే చదువుకుంటుంది, అదే చేస్తుంది. పేజీలో నాలుగు అని ఉంటే నాలుగే. చెప్పేదొకటి, చేసేదొకటి ఇక కుదరదు.

మరి పేజీని ఎవరు మార్చాలి? కంప్యూటరు మనుషుల చేతిలో పెడితే మళ్ళీ నాన్న కథే. అందుకని సైటు మొత్తంలో ఆ ఒక్క మూలను మాత్రం చదువు లేనివాళ్ళకి వదిలేశాను. షెడ్డులో తెర ముందు నిలబడి మామూలుగా మాట్లాడితే చాలు. తుడువు అంటే తుడుస్తుంది. ఫలానా బెంచి, ఫలానా గంట అంటే రాస్తుంది. తెలిసిన గొంతులు మూడే, మూడూ పేలుడు వల్ల చచ్చే అవకాశం ఉన్న ఇంట్లోవి. బయటి నుంచి ఫోను చేసి చెబితే తీసుకోదు, ఎవరో తలకు తుపాకీ పెట్టి చెప్పించవచ్చు కాబట్టి. సైరన్ మోగేది పేలుడుకి అయిదు నిమిషాల ముందు. సైరన్ మోగాక ఇక ఎవరు చెప్పినా పేజీ మారదు. అయిపోయాక మార్చి కోర్టులో చూపించే పని ఉండకూడదని ఆ నియమం పెట్టాను.

నా గొంతు నేనే తీసేశాను. కనిపెట్టిన మనిషికి కూడా దొంగదారి ఉండకూడదు. ఆ రోజు ఎంత గర్వపడ్డానో చెబితే ఇప్పుడు నాకే అసహ్యం వేస్తుంది.

నాతో పనిచేసిన షమీమ్ నాకంటే పదేళ్ళు పెద్దది, నాకంటే తెలివైనది. ఇసుక పెట్టెలో చిన్న పందికొక్కుతో పరీక్ష చేస్తున్నాం. పేజీలో పదకొండున్నర అని రాసి ఉంది. పదకొండూ ఇరవై ఎనిమిదికి ఒక వైరు ఊడింది. "ఆగు, ఆగు" అంటూ ఆమె చెయ్యి పెట్టింది. మనుషులకి చెప్పినట్టు చెప్పింది పాపం. అది ఆగలేదు. పదకొండున్నరకి టపాకాయంత మందు పేలింది. షమీమ్ ఉంగరం వేలు, చిటికెన వేలు గోడకి అంటుకున్నాయి. ఉంగరం మాత్రం నేల మీద చాలాసేపు గుండ్రంగా తిరిగింది.

ఆసుపత్రి మంచం మీద నుంచి ఆమె అడిగింది ఒక్కటే. "ఒక ఆపే మీట పెట్టు గురవమ్మా."

"మీట పెడితే అది యజమాని చేతికి పోతుంది అక్కా. మనిషిని గుర్తుపట్టి ఆగేలా చేద్దామంటే, మా ఎండకి నల్లరాయి మనిషి ఒంటికంటే వేడిగా ఉంటుంది. దానికి రాయేదో మనిషేదో తెలియదు."

"నీకు ఆ యజమాని ఒక్కడే కనపడుతున్నాడు. మిగతావాళ్ళు కనపడటం లేదు."

నేను మీట పెట్టలేదు.

*

యజమాని ఎగిరి గంతేసి ఒప్పుకున్నాడు. రాయి చిట్లదంటే చాలు, ఆయనకి ఇంకేం అక్కర్లేదు. కొత్త సైటు మాత్రం వద్దన్నాడు, ఉన్నదాంట్లోనే ఏదైనా చేసుకోమన్నాడు. అలాగే పలకల బొమ్మల కింద మూలను నల్లబల్లలాగా మార్చాను. నల్ల రంగు, తెల్ల అక్షరాలు, ఒకటే వరస. తారీకు గడి పెడదామంటే మా అన్నయ్య మాలకొండయ్య నవ్వాడు.

"బల్ల మీద తారీకు ఎప్పుడన్నా ఏశామా? ఈ గడులూ అవీ పెడితే మీ వదిన బెదిరిపోద్ది. మాకు తెలిసినట్టే ఉండనీ."

ఆ మాటకి మురిసిపోయి గడి తీసేశాను.

నాన్న తరవాత అన్నయ్యే బ్లాస్టరు. పందికొక్కులకి చోట్లు నేర్పడానికి వాటిని వెంటేసుకుని రెండు రోజులు క్వారీ అంతా తిరిగాడు. ఇది మొదటి బెంచి, ఇది రెండోది, ఇది మూడోది, ఇది బావి, ఇది షెడ్డు, అదుగో గుట్ట అంచున యజమాని బంగళా అని పసిపిల్లలకి చెప్పినట్టు చెప్పాడు. తెరకి నేర్పిన మూడు గొంతులు అన్నయ్యవి, వదిన అంకమ్మవి, అమ్మవి. అమ్మ మొదటిసారి తెర ముందు నిలబడి, "ఏమయ్యా, రెండో బెంచి, నాలుగు గంటలని రాయి" అంది. రాసింది. ఎవరికీ చెప్పకుండా కాసేపు చూసుకుని, "తుడువు" అంది. తుడిచింది. తరవాత షెడ్డు వెనక్కి పోయి ఏడ్చింది. నేను గెలిచాననుకున్నాను.

రెండేళ్ళు ఏ పేలుడూ వేళ తప్పలేదు, ఒక్క ప్రాణమూ పోలేదు.

అన్నయ్య పోయింది పేలుడు వల్ల కాదు. మూడో బెంచి మీద రాయిని కోసే డైమండ్ వైరు తెగింది. పరుగు మీదున్న వైరు తెగితే దానికి గుచ్చిన పూసలు తుపాకి గుండ్లలా లేస్తాయి. ఒకటి గొంతులోంచి పోయింది, ఒకటి కంట్లోంచి. పొద్దున పదకొండు గంటలు. వదిన చెంగుతో గొంతు అదిమిపట్టుకుని కూర్చుంటే, చెంగు తడిసి, ఒడి తడిసి, కింద రాయి కూడా తడిసింది. అన్నయ్య ఏదో చెప్పబోయాడట, గాలి తప్ప మాట రాలేదట.

పేజీలో ఆయన ఆ పొద్దున రాయించిన వరస అలాగే ఉంది. 'మూడో బెంచి, ఒంటి గంట.'

చావు జరిగింది కాబట్టి తనిఖీ వాళ్ళొచ్చి క్వారీకి కరెంటు తీసేశారు. పందికొక్కులు ఎక్కడివక్కడ చచ్చినట్టు పడున్నాయి. షెడ్డులో తెరకి మాత్రం గోడ మీది బ్యాటరీ ఉంది, అది వెలుగుతూనే ఉంది. దాని ముందు అమ్మ చాప పరుచుకుని కూర్చుంది. ఇరవై అయిదేళ్ళ కింద మొగుడి రాత దగ్గర కూర్చున్న చోటే, ఇప్పుడు కొడుకు రాత దగ్గర. నేను రోజూ ఆమెకి జావ తెచ్చి ఇచ్చాను, తెర వైపు చూశాను, కళ్ళు తుడుచుకున్నాను. ఒక్కరోజు కూడా నా బుర్రకి తట్టలేదు. చెల్లెలికి అది అన్నయ్య రాత. దాన్ని ఆజ్ఞగా చదువుకునేవి ఇంకా ఉన్నాయని, వాటిని చేసింది నేనేనని నాకు గుర్తు రాలేదు.

*

పదకొండో రోజు. మూడో బెంచి మీద పిట్టకు పెట్టడానికి వదినా, మా పెదనాన్న కొడుకు ఏడుకొండలూ, దగ్గరివాళ్ళు ఇంకో ఏడుగురూ డప్పులతో వెళ్ళారు. రాత దగ్గర అమ్మ ఉండాలి, అమ్మ దగ్గర నేనుండాలి. మజ్జిగ గ్లాసుతో షెడ్డులోకి వచ్చాను. పన్నెండూ నలభై ఎనిమిది.

తెర పక్కన చిన్న దీపం ఒకటి ఉంటుంది. పది రోజులుగా ఎర్రగా ఉన్న దీపం ఇప్పుడు పచ్చగా వెలుగుతోంది. అంటే పొద్దున్నే కరెంటు ఇచ్చేశారు. పందికొక్కులు లేచాయి, పేజీ చదువుకున్నాయి, రాతిలోకి దిగాయి. గ్లాసు నా చేతిలోంచి ఎప్పుడు జారిందో తెలియదు.

"తుడువు!" అని అరిచాను.

"మీ గొంతు నాకు తెలియదు" అంది తెర. ఆ మాట అనమని నేర్పింది నేనే.

"అమ్మా, లే! తుడవమని చెప్పు! మూడో బెంచి పేలుద్ది, వదినా వాళ్ళు దాని మీదే ఉన్నారు!"

అమ్మ నన్ను ఎగాదిగా చూసింది. "ఏందే గురవా, అట్టా అరుస్తావు? పిట్ట ముట్టిన కబురు రాందే తుడవగూడదు."

"కబురు సంగతి తరవాత. ముందు తుడువు."

"పేలుద్దంటావేంది? పేల్చేవోడే సచ్చిపోయాడు గదే నా తల్లీ. సచ్చినోడు లేచొచ్చి పేలుస్తాడా?"

ఆ మాటకి నా దగ్గర జవాబు ఉంది, చెప్పడానికి సమయం లేదు. అమ్మకి రాత అంటే మనిషి. మనిషి పోతే రాత వట్టి రాతే. పోయిన మనిషి రాత కూడా పని చేసేలా చేసింది లోకంలో నేనొక్కదాన్నే. వదిన ఫోనుకి చేశాను. అది అమ్మ ఒళ్ళోనే మోగింది, వదిన అక్కడ పెట్టి వెళ్ళింది. ఏడుకొండలుకి చేశాను, ఎత్తలేదు.

పన్నెండూ యాభై ఒకటి. పిచ్చిదాన్నై ఒక పని చేశాను. నా ఫోన్లో అన్నయ్య పంపిన మాట ఒకటి దాచుకున్నాను. దాన్ని తెర ముందు పెట్టి వినిపించాను.

"గురవా, అన్నం తిన్నావా?" అన్నాడు అన్నయ్య.

"మాలకొండయ్యా, ఏ బెంచి తుడవాలి?" అని అడిగింది తెర.

"వదిన చేపల పులుసు పెట్టింది, నువ్వుంటే బాగుండేది."

"మాలకొండయ్యా, ఏ బెంచి తుడవాలి?"

"సరేలే, ఆరోగ్యం చూసుకో."

అమ్మ లేచింది. ఆ గొంతు విని ఫోను నా చేతిలోంచి లాక్కుని గుండెలకేసి అదుముకుంది. "కొండయ్యా! నాయనా! యాడున్నావురా?" అని దానితో మాట్లాడటం మొదలుపెట్టింది. నేను గుంజాను. ఆమె వదల్లేదు. పన్నెండూ యాభై మూడు. యాభై నాలుగు. మా అమ్మను చెంప మీద కొట్టాను. ఒకటి కాదు, రెండు. రెండో దెబ్బకి ఆమె పెదవి చిట్లి నెత్తురొచ్చింది. జుట్టు పట్టుకుని ముఖం తెర వైపు తిప్పాను.

"నీ కోడలు చచ్చిపోద్దే! నీకు దణ్ణం పెడతా, ఒక్క మాట చెప్పు!"

నా చేతులు చూసి నమ్మిందో, నా ముఖం చూసి నమ్మిందో, అమ్మ నోరు తెరిచింది. "తుడువయ్యా. మూడో బెంచి తుడువు."

గుట్ట మీద సైరన్ లేచింది.

"సైరన్ మోగింది. ఇక మార్చడం కుదరదు" అంది తెర.

ముప్పావు కిలోమీటరు. పరిగెత్తాను. ఒంటి గంట పేలుళ్ళకి మా చుట్టుపక్కల పన్నెండు క్వారీల్లోనూ సైరన్లు మోగుతాయి. ఆ వేళకి సైరన్ వింటే మావాళ్ళు గడియారం సరిచేసుకుంటారు తప్ప తల తిప్పరు. అందులోనూ మా క్వారీ సంతాపంలో మూసి ఉందని వాళ్ళకి తెలుసు. రెండో బెంచి మలుపు దగ్గరికొచ్చేసరికి నాకు వాళ్ళు కనపడ్డారు. వదిన విస్తరి ముందు కూర్చుని ఆకాశం వైపు చూస్తోంది. కాకి ఇంకా రాలేదు. డప్పుల మోతలో నా కేకలు ఎవరికీ వినపడలేదు. ఏడుకొండలు మాత్రం చూశాడు. ఆలస్యంగానైనా వచ్చింది చెల్లెలు అనుకున్నాడేమో, రా రమ్మని చెయ్యి ఊపాడు.

ఆ చెయ్యి ఊగుతుండగానే బెంచి లేచింది.

పందికొక్కులు పని బాగా చేశాయి. కింద మంచి రాయి వెంట్రుకంత చిట్లలేదని తరవాత రిపోర్టులో రాశారు. పైబండంతా ముక్కలై ఇంటెత్తున లేచి, మనుషులతో సహా కిందపడింది. నా ఎడమ చెవిలోంచి వెచ్చగా ఏదో కారుతోంది, చప్పుడు లేదు. ఆ చప్పుడు లేని లోకంలో దుమ్ము కక్కుతూ ఒక డప్పు దొర్లుకుంటూ వచ్చి నా కాళ్ళ దగ్గర ఆగింది. దాని తాడు చుట్టుకున్న చెయ్యి మోచేతి దాకానే ఉంది. వదినను చీర అంచుని బట్టి గుర్తుపట్టాను. బండ కింద నుంచి అంతే కనపడుతోంది. గోళ్ళు ఊడేదాకా ఆ బండను తోడాను. అది లారీ అంత బండ.

తొమ్మిది మంది. సాయంత్రానికి కాకులు వచ్చాయి.

*

విచారణలో యజమాని తెల్లచొక్కా వేసుకొచ్చి, ఈసారి ఒక్క అబద్ధం కూడా ఆడలేదు. ఆడే అవసరం రాలేదు.

"పేజీలో స్పష్టంగా ఉందండీ. మూడో బెంచి, ఒంటి గంట. పదకొండు రోజుల ముందు నుంచి ఉంది. పేజీ ఎవరైనా చూడొచ్చు. చూడకపోవడం వాళ్ళ తప్పు. రాసింది కూడా వాళ్ళ మనిషే."

అధికారి నా వైపు తిరిగాడు. "ఆపే మీట ఎందుకు లేదు?"

"ఈయన చేతికి పోతుందని" అన్నాను.

ఎవరో కిసుక్కున నవ్వారు. నాన్న కేసులో ఆయన పేజీని అబద్ధంగా మార్చి గెలిచాడు. ఈసారి నేను పేజీని నిజంగా నిలబెట్టి ఆయన్ని గెలిపించాను. పక్కన కూర్చున్న షమీమ్ మూడువేళ్ళ చేతితో నా చెయ్యి పట్టుకుంది. 'నేను చెప్పలేదా' అనలేదు. అని ఉంటే బాగుండేది.

మళ్ళీ పదకొండు రోజులు. అమ్మ తెర ముందు నుంచి లేవలేదు. ఆ వరస ఇంకా అలాగే ఉంది. పిట్ట ముట్టకుండానే కర్మ చెడింది కాబట్టి తుడవడానికి వీల్లేదంది. తుడవకపోతే కరెంటు ఇచ్చిన రోజల్లా మూడో బెంచి పేలుతూనే ఉంటుంది. యజమాని పట్నం నుంచి కంప్యూటరు మనుషుల్ని దించాడు. ముగ్గురొచ్చారు. మూడు రోజులు సైటంతా కెలికారు, పలకల బొమ్మలు మార్చారు, రంగులు మార్చారు. ఆ మూలను మాత్రం కదపలేకపోయారు. అంత బాగా కట్టాను. దాన్ని మార్చగలవాళ్ళలో ఇద్దరు మట్టిలో ఉన్నారు, మూడో మనిషి వేలిముద్ర తప్ప సంతకం తెలియని ముసలిది.

పన్నెండో రోజు పొద్దున ఆయనే షెడ్డుకి వచ్చాడు, చేతిలో అరటిపళ్ళతో.

"పెద్దమ్మా, మీ ఆచారం ప్రకారం పదకొండు రోజులూ ఆగాం. ఇంక రెండు ముక్కలు మాట్లాడితే చాలు, క్వారీ నడుస్తుంది. నీకేం చదువక్కర్లేదు. పాతది తుడిచి కొత్తది రాయించు. ఏం రాయించాలో మా మేనేజరు చెబుతాడు."

అమ్మ ఆయన్ని చూసింది. పెదవి మీద నేను కొట్టిన మచ్చ ఇంకా నల్లగా ఉంది. "నాకు తెలుసులేయ్యా. ఆయన రాసేది చూశా, కొడుకు రాసేది చూశా. నేను రాయిత్తాలే. నువ్వు కరెంటు ఇప్పించు."

"ఇప్పించేశాను. పదికల్లా వస్తుంది. బంగళాలోనే ఉంటాను, ఏం కావాలన్నా కబురు పెట్టు."

ఆయన గుట్ట అంచునున్న బంగళాకి వెళ్ళిపోయాడు. నేను చెవికి కట్టు మార్పించుకోవడానికి ఆసుపత్రికి వెళ్ళాను.

తిరిగొచ్చేసరికి పన్నెండూ నలభై అయిదు. షెడ్డు వెనక నీడలో బంగళా వంటావిడా, కావలి మనిషీ, మేనేజరూ కూర్చుని అరటిపళ్ళు తింటున్నారు. పెద్దమ్మ కబురు పెట్టి పిలిపించిందన్నారు. ఎందుకో తెలియదన్నారు. లోపల దీపం పచ్చగా ఉంది. అన్నయ్య రాత లేదు. దాని చోట కొత్త వరస.

'యజమాని బంగళా, ఒంటి గంట.'

చోట్ల పేర్లన్నీ పందికొక్కులకి అన్నయ్యే నేర్పాడు. బంగళాని మినహాయించమని యజమాని అడగలేదు, నేను పెట్టలేదు. బంగళా నిలబడింది కూడా నల్లరాయి మీదే.

"అమ్మా" అన్నాను. "అమ్మా, తుడువు."

"పదింటి నించి ఉండాది" అంది అమ్మ మెల్లగా. "దొంగతనంగా రాయలేదు. అందరూ చూసే చోటే రాయించా. పేజీ ఎవురైనా చూడొచ్చని ఆయనే గదా అన్నాడు. చూడమను."

ఆమెను మళ్ళీ కొట్టొచ్చు. జుట్టు పట్టుకుని తెర వైపు తిప్పొచ్చు. చేతులు లేవలేదు. యజమానికి ఫోను చేశాను. చేశానని దేవుడి ముందైనా చెబుతాను. నాలుగోసారికి ఎత్తాడు. పన్నెండూ యాభై మూడు.

"బంగళాలోంచి బయటికి రండి. పేజీ చూడండి. ఇప్పుడే చూడండి."

"ఏమ్మా గురవమ్మా, మళ్ళీ మొదలుపెట్టావా? భోజనానికి కూర్చున్నాను. ఏదైనా ఉంటే మా వకీలుతో మాట్లాడు."

పెట్టేశాడు. పెట్టేసినందుకు నాకు సంతోషం వేసింది. దాచుకోను, సంతోషమే వేసింది. ఆ తరవాత నేను మళ్ళీ నంబరు నొక్కలేదు. బంగళా దాకా పరిగెత్తలేదు. ఆ రోజు అంకమ్మ వదిన కోసం పరిగెత్తిన కాళ్ళే ఇవి, చాప మీద అమ్మ పక్కన కూర్చున్నాయి.

గుట్ట మీద సైరన్ లేచింది. కుడి చెవితో విన్నాను. వెనకాలే చుట్టూ ఉన్న క్వారీలవి ఒకటొకటిగా అందుకున్నాయి. షెడ్డు కిటికీలోంచి బంగళా కనపడుతోంది. తలుపు తెరుచుకోలేదు.

"రోజూ మోగేదే గదా అనుకుంటాడు" అంది అమ్మ. గోడకి ఆనుకుని కాళ్ళు చాపుకుంది. ఇరవై మూడు రోజుల్లో మొదటిసారి తెర వైపు వీపు పెట్టి కూర్చుంది.